గెలాక్సీలకూ వయసు మీద పడుతుందని చెప్పిన బియాట్రిస్ టిన్స్‌లీ

న్యూజిలాండ్ అనగానే మనవాళ్ళకు ముందు క్రికెట్ గుర్తుకొస్తుంది. ఆ తరవాత పచ్చిక బయళ్ళు, గొర్రెల మందలు, మంచు కొండలు. మరికాస్త ఆలోచిస్తే ఎవరెస్టు ఎక్కిన ఎడ్మండ్ హిల్లరీ, పరమాణువు గుట్టు విప్పిన ఎర్నెస్ట్ రూథర్‌ఫర్డ్ గుర్తుకొస్తారు. ఇక్కడ ఐదు డాలర్ల నోటు మీద హిల్లరీ బొమ్మ, వంద డాలర్ల నోటు మీద రూథర్‌ఫర్డ్ బొమ్మ ఉంటాయి. ఏ నోటు మీదికీ ఎక్కకపోయినా ఆ వరసలో నిలబెట్టదగిన మనిషి ఇంకొకరున్నారు. పేరు బియాట్రిస్ టిన్స్‌లీ. పట్టుమని నలభై ఏళ్ళే బతికారు. పరిశోధనకు దొరికింది పద్నాలుగేళ్ళే. ఆ కాస్త వ్యవధిలో దాదాపు వంద పరిశోధన పత్రాలు రాసి, దూరాన ఉన్న గెలాక్సీలను చూసే చూపునే మార్చేశారు. మన ఇళ్ళల్లో ఈ పేరు తెలిసినవాళ్ళు తక్కువ. ఈ సభలకు వచ్చిన తల్లిదండ్రులకూ పిల్లలకూ ఆమె కథ చెప్పాలన్నదే ఈ వ్యాసం ఉద్దేశం.

న్యూ ప్లిమత్ అమ్మాయి

బియాట్రిస్ 1941 జనవరి 27న, రెండో ప్రపంచ యుద్ధం జరుగుతున్న రోజుల్లో, ఇంగ్లండ్‌లోని చెస్టర్ పట్టణంలో పుట్టింది. ఇంటి పేరు హిల్. ముగ్గురు ఆడపిల్లల్లో నడిమి పిల్ల. యుద్ధం ముగిశాక 1946లో ఆ కుటుంబం న్యూజిలాండ్‌కు వలస వచ్చింది. అంటే ఆమె కూడా మన పిల్లల్లాగే ఒక దేశంలో పుట్టి మరో దేశంలో పెరిగిన మనిషి. కొంతకాలం క్రైస్ట్‌చర్చ్‌లో ఉండి, తరవాత తరనాకి పర్వతం నీడలో ఉన్న న్యూ ప్లిమత్ ఊళ్ళో స్థిరపడ్డారు. తండ్రి ఎడ్వర్డ్ హిల్ చర్చి గురువు. 1953 నుంచి 1956 వరకు ఆ ఊరికి మేయరుగా కూడా పనిచేశారు. తల్లికి సంగీతం, రచన రెండూ వచ్చు. పిల్ల వయొలిన్ నేర్చుకుంది, లెక్కల్లో దిట్ట అనిపించుకుంది. సంగీతమా, సైన్సా అన్న ప్రశ్న వచ్చినప్పుడు సైన్సు వైపు మొగ్గింది. వయొలిన్ని మాత్రం వదల్లేదు.

రూథర్‌ఫర్డ్ చదువుకున్న క్రైస్ట్‌చర్చ్‌లోని కాంటర్‌బరీ యూనివర్సిటీలోనే ఆమె ఫిజిక్సు చదివారు. ఎమ్మెస్సీ ఫస్ట్ క్లాసులో పాసయ్యారు. థీసిస్ రాసింది స్ఫటికాల మీద. మనసు మాత్రం విశ్వం ఎలా పుట్టింది, ఎలా మారుతోంది అన్న ప్రశ్నల చుట్టూనే తిరిగేది. 1961లో తోటి ఫిజిక్సు విద్యార్థి బ్రయాన్ టిన్స్‌లీని పెళ్ళి చేసుకున్నారు. అక్కడే మొదటి చిక్కు వచ్చింది. భర్త పనిచేసే యూనివర్సిటీలో భార్యకు ఉద్యోగం ఇవ్వకూడదన్నది ఆ రోజుల్లో పద్ధతి. చదువులో ఎవరు ముందున్నారన్న ప్రశ్నే రాలేదు.

డాలస్‌లో ఇల్లు, ఆస్టిన్‌లో చదువు

1963లో బ్రయాన్‌కు అమెరికాలో, డాలస్‌లోని ఒక పరిశోధనా కేంద్రంలో ఉద్యోగం వచ్చింది. అదే తరవాత డాలస్‌లోని టెక్సస్ యూనివర్సిటీ అయింది. ఇవాళ డాలస్ అంటే మనవాళ్ళకు పక్క ఊరు. గుడి, ఇడ్లీ, కూచిపూడి క్లాసు, అన్నీ అక్కడున్నాయి. అరవై ఏళ్ళ కిందట న్యూజిలాండ్ నుంచి వచ్చిన ఇరవై రెండేళ్ళ అమ్మాయికి అక్కడ ఏముంది? భర్తకు ల్యాబు ఉంది. ఆమెకు ఇల్లుంది.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. మన అక్కచెల్లెళ్ళలో ఈ పరిస్థితి ఎరగనివాళ్ళు ఎందరు? ఎంటెక్ చేసి, ఎంబీబీఎస్ చేసి, భర్త వెంట డిపెండెంట్ వీసా మీద వచ్చి, సర్టిఫికెట్లు సూట్‌కేసు అడుగున పెట్టుకుని ఏళ్ళు గడిపినవాళ్ళు మనలో ఇంటికొకరున్నారు. అమెరికాలో హెచ్-4 వీసా మీద ఉన్నవారిలో కొందరికి పని చేసుకునే అనుమతి 2015లో గాని రాలేదు. బియాట్రిస్ కష్టానికి కారణమైన నిబంధన వేరు. ఆ ఇరుకు మాత్రం మనకు బాగా తెలిసినదే.

ఆ ఏడాది డిసెంబరులో డాలస్‌లోనే సాపేక్ష సిద్ధాంతం, ఖగోళ భౌతికం మీద మొదటి టెక్సస్ సింపోజియం జరిగింది. కాంటర్‌బరీలోనే చదువుకున్న మరో న్యూజిలాండ్ శాస్త్రవేత్త రాయ్ కెర్, తిరిగే కృష్ణబిలాలను వర్ణించే తన సమీకరణాలను అక్కడ వినిపించారు. అప్పుడాయన ఉన్నది ఆస్టిన్‌లోని టెక్సస్ యూనివర్సిటీలో. విశ్వం గురించి చదవాలనుకున్న బియాట్రిస్‌కు కూడా దారి అటే కనిపించింది. 1964లో ఆస్టిన్‌లో పీహెచ్‌డీకి చేరారు. డాలస్ నుంచి ఆస్టిన్‌కు 300 కిలోమీటర్ల పైనే. హైదరాబాదులో కాపురం ఉంటూ ఏలూరు కాలేజీలో చదువుకోవడం లాంటిది. అలా రాకపోకలు సాగిస్తూనే 1966 డిసెంబరు నాటికి పీహెచ్‌డీ పూర్తి చేశారు. అదే ఏడు భార్యాభర్తలు ఒక బాబును దత్తత తీసుకున్నారు. 1968లో ఒక పాపను. ఇంటి పని, పిల్లల పెంపకం, మిగిలిన సమయంలో గెలాక్సీలు.

దీపం సంగతి

ఆమె చేసిన పని అర్థం కావాలంటే ముందు ఆకాశంలో దూరాలు ఎలా కొలుస్తారో తెలియాలి. చీకటి రాత్రి పొలం గట్టు మీద దూరంగా ఒక లాంతరు కనపడిందనుకోండి. లాంతర్లన్నీ ఒకే వెలుగు ఇస్తాయని తెలిస్తే, కనిపించే వెలుగును బట్టి అది ఎంత దూరాన ఉందో చెప్పొచ్చు. ఖగోళ శాస్త్రవేత్తలు చేసేదీ ఇదే. ఆ రోజుల్లో వాళ్ళు లాంతర్లుగా వాడుకున్నది గెలాక్సీ గుంపుల్లో కనిపించే పెద్ద పెద్ద దీర్ఘవృత్త గెలాక్సీలను. అవన్నీ ఇంచుమించు ఒకే వెలుగు ఇస్తాయనీ, కాలం గడిచినా ఆ వెలుగు పెద్దగా మారదనీ అనుకున్నారు.

కానీ ఆకాశంలో దూరం చూడటమంటే గతాన్ని చూడటం. ఈ రాత్రి మనం చూసే రోహిణి వెలుగు అక్కడ బయలుదేరి దాదాపు 65 ఏళ్ళయింది. కృత్తికల వెలుగు దాదాపు 440 ఏళ్ళ కిందటిది. హైదరాబాదులో చార్మినార్ లేచే రోజులకు కాస్త ముందు బయలుదేరిందన్న మాట. ఆండ్రోమెడా గెలాక్సీ వెలుగైతే 25 లక్షల ఏళ్ళ నాటిది. ఇంకా దూరంగా, వందల కోట్ల కాంతి సంవత్సరాల అవతల ఉన్న గెలాక్సీని చూస్తున్నామంటే దాని చిన్ననాటి ఫొటో చూస్తున్నట్టే. చిన్నప్పుడు దాని వెలుగు ఇప్పటిలాగే ఉందని ఎలా చెప్పగలం? బియాట్రిస్ పట్టుకున్న ప్రశ్న అదీ.

ఒక గెలాక్సీ జనాభా లెక్కలు

ప్రశ్న చాలామందికి తట్టి ఉండొచ్చు. జవాబు లెక్కగట్టే పద్ధతిని పూర్తిగా కట్టి చూపించింది ఆమె. గెలాక్సీ అంటే కోట్లాది నక్షత్రాలున్న ఊరు. ఊరి జనాభా లెక్కల్లో ఎన్ని పుట్టుకలు, ఎన్ని చావులు, ఎవరి వయసు ఎంత అని రాసుకున్నట్టే, ఆమె గెలాక్సీకి లెక్కలు రాశారు. బరువైన నక్షత్రాలు నీలంగా, మహా వెలుగుతో మండి, కొన్ని కోట్ల ఏళ్ళలోపే ఆరిపోతాయి. మన సూర్యుడి లాంటివి దాదాపు 1,000 కోట్ల సంవత్సరాలు బతుకుతాయి. చిన్నవి ఎర్రగా, పొదుపుగా, ఇప్పటి విశ్వం వయసు కంటే ఎక్కువ కాలం వెలుగుతాయి. చనిపోయే నక్షత్రాలు తమలో తయారైన కర్బనం, ఆక్సిజన్, ఇనుము లాంటి మూలకాలను వాయువులో కలుపుతాయి. ఆ వాయువు నుంచే మళ్ళీ కొత్త నక్షత్రాలు పుడతాయి.

సాఫ్ట్‌వేర్‌లో ఉన్నవాళ్ళకు ఇది వెంటనే అర్థమవుతుంది. మొదట్లో ఎంత వాయువు ఉంది, ఏ రేటున నక్షత్రాలు పుడుతున్నాయి, ఏ బరువువి ఎన్ని పుడుతున్నాయి, ఇవన్నీ ఇన్‌పుట్లు. కాలాన్ని మెట్టు మెట్టుగా నడిపిస్తూ, ప్రతి మెట్టు దగ్గరా పుట్టినవాటిని కలిపి, పోయినవాటిని తీసేసి, మొత్తం గెలాక్సీ రంగు ఎంత, వెలుగు ఎంత, మిగిలిన వాయువు ఎంత అని అవుట్‌పుట్ తీయాలి. ఆ అవుట్‌పుట్‌ను టెలిస్కోపులో కనిపించే అసలు గెలాక్సీలతో సరిపోల్చాలి. ఈ పని ఆమె చేసింది ఇవాళ మన జేబులో ఉన్న ఫోను ముందు నిలవలేని 1960ల నాటి కంప్యూటర్ల మీద. 1968లో ఈ పని పరిశోధన పత్రంగా అచ్చయింది. గెలాక్సీలు పుట్టి, పెరిగి, ముదిరే వస్తువులనీ, వాటి వయసును అంకెల్లో చెప్పొచ్చనీ దానితో తేలింది.

పెద్దాయనతో వాదం

దీనితో చిక్కు ఎక్కడొచ్చిందంటే, విశ్వం భవిష్యత్తు లెక్క దగ్గర. విశ్వం వ్యాకోచిస్తోందని 1929 నుంచీ తెలుసు. ఆ వ్యాకోచం ఏదో ఒకనాటికి ఆగి, విశ్వమంతా మళ్ళీ కుంచించుకుపోతుందా? లేక ఎప్పటికీ విస్తరిస్తూనే ఉంటుందా? దీన్ని తేల్చే పనిలో ఉన్నవారు అలన్ సాండేజ్. ఎడ్విన్ హబుల్ తరవాత ఆ పనిని భుజాన వేసుకున్న మహా పండితుడు. చేతిలో పాలోమర్ కొండ మీది 200 అంగుళాల టెలిస్కోపు. పెద్ద గెలాక్సీలను లాంతర్లుగా వాడి ఆయన తీసిన లెక్కలు, వ్యాకోచం బాగా మందగిస్తోందనీ, ఒకనాటికి ఆగిపోతుందనీ చెప్పే వైపు మొగ్గాయి.

బియాట్రిస్ లెక్క ప్రకారం పెద్ద దీర్ఘవృత్త గెలాక్సీలు గతంలో ఇప్పటికంటే ఎక్కువ వెలుగుతో ఉండేవి. లాంతరు నిజానికి మనం అనుకున్నదానికంటే ప్రకాశవంతమైనదైతే, అది మనం అనుకున్నదానికంటే ఎక్కువ దూరంలో ఉన్నట్టు. దూరాలు మారితే మందగింపు లెక్క కూడా మారిపోతుంది. వంద కోట్ల ఏళ్ళకు కొద్ది శాతం మార్పు చాలు, ఆగిపోయే విశ్వం కాస్తా ఆగని విశ్వం అయిపోతుంది. పీహెచ్‌డీ ముగిసి ఎన్నో ఏళ్ళు కాని, సరైన ఉద్యోగం కూడా లేని ఒక యువతి, ఆ రంగంలో అందరికంటే పెద్ద పేరున్న మనిషి చేసిన పనికి పునాదిలోనే సందేహం ఉందని అచ్చులో చెప్పడం చిన్న విషయం కాదు. వాదం ఏళ్ళ తరబడి నడిచింది. ఆమె గొంతు పెంచలేదు. ప్రతిసారీ మరింత జాగ్రత్తగా చేసిన లెక్కతో వచ్చారు. చివరకు ఆ రంగం ఆమె దారికి వచ్చింది. గెలాక్సీల వయసు మార్పు తేల్చకుండా వాటితో విశ్వాన్ని కొలవలేమని అందరూ ఒప్పుకున్నారు.

1974లో రిచర్డ్ గాట్, జేమ్స్ గన్, డేవిడ్ ష్రామ్‌లతో కలిసి ఆమె రాసిన పత్రం అందుబాటులో ఉన్న ఆధారాలన్నిటినీ ఒకచోట చేర్చింది. పదార్థం సాంద్రత, తొలినాటి విశ్వంలో మిగిలిన డ్యూటీరియం, నక్షత్రాల వయసులు, అన్నీ కలిపి చూస్తే విశ్వాన్ని ఆపగలిగినంత పదార్థం లేదు, అది ఎప్పటికీ విస్తరిస్తూనే ఉంటుందని ఆ నలుగురూ తేల్చారు. మరుసటి ఏడు, 1975లో, గన్‌తో కలిసి ఇంకా సాహసమైన మాట ఒకటి ముందుకు తెచ్చారు. వ్యాకోచం మందగించడం కాదు, వేగం పుంజుకుంటూ ఉండొచ్చని. అప్పటి కొలతలు అంత పెద్ద మాటను నిరూపించడానికి చాలవు. 1998లో రెండు బృందాలు, గెలాక్సీలను కాకుండా ఒక రకం సూపర్‌నోవాలను లాంతర్లుగా వాడి, వేగం నిజంగానే పెరుగుతోందని చూపించాయి. ఆ పనికి 2011లో ముగ్గురికి నోబెల్ బహుమతి వచ్చింది. అప్పటికి బియాట్రిస్ పోయి ముప్పై ఏళ్ళు.

చెల్లించిన మూల్యం

1974లో ఆమెకు అమెరికన్ ఖగోళ సంఘం వారి యానీ జంప్ కానన్ అవార్డు వచ్చింది. దేశమంతా ఆమె లెక్కల గురించి మాట్లాడుకుంటోంది. కానీ సొంత ఊరు డాలస్‌లో ఆమెకు తగిన శాశ్వత ఉద్యోగం లేదు. కాల్‌టెక్ లాంటి చోట్లకు కొన్నాళ్ళపాటు విజిటింగ్‌గా వెళ్ళడం, తిరిగి ఇంటికి రావడం, ఇదే బతుకైపోయింది. చివరకు ఆ ఏడాదే పెళ్ళి విడాకులతో ముగిసింది. పిల్లలు తండ్రి దగ్గర ఉన్నారు. ఆమె కొంతకాలం కాలిఫోర్నియాలోని లిక్ అబ్జర్వేటరీలో పనిచేసి, 1975లో యేల్ యూనివర్సిటీలో అసిస్టెంట్ ప్రొఫెసర్‌గా చేరారు.

ఈ నిర్ణయాన్ని సమర్థించేవాళ్ళూ ఉంటారు, తప్పుపట్టేవాళ్ళూ ఉంటారు. మన సమాజంలో రెండో రకం ఎక్కువ. ఉద్యోగం కోసం పిల్లల్ని వదిలి వెళ్ళిన మగవాడిని, కుటుంబం కోసం కష్టపడుతున్నాడని అంటాం. గల్ఫ్‌కు వెళ్ళినా, అమెరికా వెళ్ళినా అదే మాట. ఆడమనిషి దగ్గరకొచ్చేసరికి తక్కెడ మారుతుంది. నాకు తోచింది చెబుతాను. పిల్లలూ పనీ రెండూ కావాలనుకున్న మనిషి ముందు ఆ రోజుల సంస్థలు ఏదో ఒకటే పెట్టాయి. ఏళ్ళ తరబడి రెండూ మోయడానికి చూశారు. ఆ తరవాత మోయలేకపోయారు. ఆ బాధ ఆమె ఒక్కదానిదే కాదు, పిల్లలది కూడా. దీన్ని దాచి ఆమెను దేవతను చెయ్యనక్కర్లేదు, దీన్ని పట్టుకుని ఆమెను నిందించనూ అక్కర్లేదు. ఆస్టిన్‌కు దారి ఉండబట్టి ఇంతైనా జరిగింది. దారి దొరకని మరెందరు డాలస్‌లోనే, క్రైస్ట్‌చర్చ్‌లోనే ఆగిపోయారో లెక్క లేదు.

యేల్‌లో చివరి ఆరేళ్ళు

యేల్‌లో ఆమెకు మొదటిసారి సొంత చోటు దొరికింది. శిష్యులు, సహచరులు, చర్చలు. 1977లో రిచర్డ్ లార్సన్‌తో కలిసి గెలాక్సీల పరిణామం మీద అక్కడ పెద్ద సదస్సు నిర్వహించారు. ఆ రంగం ఒక ప్రత్యేక శాఖగా నిలదొక్కుకున్నది అక్కడేనని నేటికీ చెప్పుకుంటారు. 1978లో లార్సన్‌తోనే మరో ముఖ్యమైన పత్రం. ఒకదానితో ఒకటి ఢీకొన్న, వంకరటింకర గెలాక్సీల రంగులను పరిశీలించి, ఆ తాకిడి వల్ల ఒక్కసారిగా కొత్త నక్షత్రాలు పెద్ద ఎత్తున పుడతాయని ఇద్దరూ చూపించారు. అదే సంవత్సరం ఆమె యేల్‌లో ఖగోళ శాస్త్ర ప్రొఫెసరయ్యారు. అక్కడ ఆ శాస్త్రంలో ఆ పదవి అందుకున్న మొదటి మహిళ ఆమే.

ఆ ఏడే మెలనోమా అనే చర్మపు క్యాన్సర్ బయటపడింది. చికిత్స జరుగుతుండగానే పని సాగింది. 1980లో నక్షత్రాల, వాయువుల పరిణామం మీద వంద పేజీల సమీక్షా వ్యాసం అచ్చయింది. ఏది తెలుసు, ఏది ఊహ, ఏ ఊహ మారితే ఏ జవాబు మారుతుంది అని విడదీసి రాసిన ఆ వ్యాసాన్ని ఇప్పటికీ ఆ రంగంలోకి వచ్చే విద్యార్థులు తిరగేస్తారు. జబ్బు ముదిరి కుడి చెయ్యి స్వాధీనం తప్పితే ఎడమ చేత్తో రాయడం నేర్చుకున్నారు. చివరి పత్రం అలా రాసి పంపిందే. 1981 మార్చి 23న, నలభై ఏళ్ళ వయసులో, యేల్‌లోనే కన్నుమూశారు. ఆఖరి పత్రం ఆమె పోయాక అచ్చయింది.

తండ్రి ఎడ్వర్డ్ హిల్, కూతురు రాసిన ఉత్తరాల ఆధారంగా ఆమె మీద ఒక పుస్తకం తెచ్చారు. 1986లో అచ్చయింది. అదే ఏడు అమెరికన్ ఖగోళ సంఘం ఆమె పేరుతో బహుమతి స్థాపించింది. దాన్ని మొదట అందుకున్నవారు జోసలిన్ బెల్ బర్నెల్. పల్సార్లను మొదట గుర్తించి కూడా 1974 నోబెల్‌లో చోటు దక్కని శాస్త్రవేత్త. న్యూజిలాండ్ కాస్త ఆలస్యంగా మేలుకుంది. 2010లో ఫియర్డ్‌ల్యాండ్‌లోని కెప్లర్ పర్వతాల్లో ఒక శిఖరానికి టిన్స్‌లీ పేరు పెట్టారు. కాంటర్‌బరీ యూనివర్సిటీలో ఒక భవనానికి ఆమె పేరుంది. 1981లో టెకపో సరస్సు పక్కన మౌంట్ జాన్ అబ్జర్వేటరీ నుంచి కనిపెట్టిన 3087వ చిన్న గ్రహం ఆమె పేరుతోనే సూర్యుడి చుట్టూ తిరుగుతోంది.

2021 డిసెంబరులో ఎగిరిన జేమ్స్ వెబ్ టెలిస్కోపు, 1,380 కోట్ల ఏళ్ళ విశ్వంలో తొలి కొన్ని పదుల కోట్ల ఏళ్ళకే పుట్టిన గెలాక్సీల ఫొటోలు పంపుతోంది. వాటిలో నక్షత్రాల వయసెంత, బరువెంత అని శాస్త్రవేత్తలు తేల్చేది నక్షత్రాల జనాభా లెక్క కట్టి, వచ్చిన రంగును ఫొటోలోని రంగుతో పోల్చే పద్ధతిలోనే. ప్రోగ్రాములు చాలా పెద్దవయ్యాయి. ఇన్‌పుట్లు మెరుగయ్యాయి. ఎముకల గూడు మాత్రం బియాట్రిస్ కట్టిందే.

మీరు ఎప్పుడైనా న్యూజిలాండ్ దక్షిణ దీవికి వస్తే ఒక రాత్రి టెకపోలో ఉండండి. 2012 నుంచీ ఆ ప్రాంతం చీకటి ఆకాశపు రక్షిత ప్రదేశం. మన ఊళ్ళ నుంచి దాదాపు కనపడని రెండు మెజెలాన్ మేఘాలు, అంటే మన పాలపుంతకు పొరుగు గెలాక్సీలు, అక్కడ ఉత్త కళ్ళకే కనిపిస్తాయి. జూన్, జూలై నెలల తెల్లవారుజామున వస్తే మావోరీలు మతారికి అని కొలిచే చుక్కల గుంపు తూర్పున లేస్తుంది. అవి మన కృత్తికలే. 2022 నుంచి వాటి పేరున ఇక్కడ జాతీయ సెలవు కూడా ఇస్తున్నారు. నీలంగా మెరిసే కృత్తికలు పడుచు చుక్కలని, పక్కనే ఎర్రగా ఉన్న రోహిణి ముసలి చుక్క అని పిల్లలకు చూపించండి. రంగును బట్టి వయసు చెప్పే ఆ పాఠం నుంచే ఆమె గెలాక్సీల వయసు దాకా వెళ్ళారని చెప్పండి. అలాగే, మీ ఇంట్లో సర్టిఫికెట్లు సూట్‌కేసు అడుగున పెట్టినవాళ్ళు ఎవరైనా ఉంటే, వారాంతంలో పిల్లల్ని మీరు చూసుకుని వాళ్ళ ఆస్టిన్ ఎక్కడుందో వెతుక్కోనివ్వండి.